విన్నాడా, విన్నదా

"మేడం, మీకసలు ఆడవాళ్లంటే పడదా?"

అడిగినావిడ ఒక సన్మాన సభ నిర్వాహకురాలు. అడగవలసిన పరిస్థితే వచ్చింది పాపం. వేదిక మీద ఒక కీర్తిశేషురాలి నిలువెత్తు ఫోటో, కింద 'తొలి మహిళా సంపాదకురాలు' అని రంగురంగుల అక్షరాలు, ముందు వరుసలో ఆవిడ మనవలు. ముఖ్యవక్తగా పిలిచిన చరిత్ర మేడం మైకు అందుకుంది. ఆ పత్రికలో సంపాదకీయాలన్నీ ఆవిడ భర్త రాసినవేనని, సొంత పేరు బయటపడితే ఉద్యోగం ఊడుతుందని భయపడి ఆయన భార్య పేరు అట్ట మీద వేశాడని, ఆవిడ స్వయంగా రాసినదల్లా కుట్టుపని శీర్షికేనని చెప్పి కూర్చుంది. చప్పట్లు కొట్టాలో మానాలో జనానికి తెలియలేదు.

నిర్వాహకురాలికి మేడం మెట్లు దిగుతూనే జవాబిచ్చింది. "ఆడవాళ్లతో నాకు పేచీ లేదమ్మా. వాళ్ల ముసుగు వేసుకుని రాసిన మగవాళ్లతోనే."

కాలేజీలో ఆమెకు అనుమానప్పక్షి అని పేరు. పిల్లలు దాన్ని కుదించి పక్షి మేడం అన్నారు. ఆ సంగతి ఆమెకు తెలుసు. తెలిసీ పట్టించుకోలేదు గానీ, మొదట ఎవరు పెట్టారో మాత్రం ఆరా తీసింది. పత్రికల్లో, ప్రజాజీవితంలో స్త్రీలు అన్నది ఆమె జీవితకాలపు పని. గ్రంథాలయం కింది అంతస్తులో, ఫ్యాను వేస్తే కాగితాలు చిరుగుతాయని చెమటలు కక్కుతూ, పాత పత్రికల ఫైళ్లు తిరగేయడమే ఆ పని. 'ఒక సోదరి', 'గృహలక్ష్మి', 'మీ అక్కయ్య' అనే సంతకాలు కనపడితే సాటి పరిశోధకులకు కళ్లు చెమర్చేవి. ఈమెకు కనుబొమలు ముడిపడేవి. ఈ అక్కయ్యకు గడ్డం ఉందా లేదా అని తేలేదాకా ఆమెకు అన్నం సయించదు. బ్యాంకులో పనిచేసి రిటైరైన ఆమె భర్త, ఇంటికి ఎవరొచ్చినా ఒకే జోకు చెప్పేవాడు: మా పెళ్లి జరిగిందనడానికి నా మాట తప్ప ఇంకేం ఆధారం ఉందని ఏదో ఒకరోజు నన్నూ అడుగుతుంది, అందుకే ఫోటోలు బీరువాలో దాచాను అని. ఫోటోలు తర్వాత కూడా దిగవచ్చు అనేది ఆమె.

ఆమె అనుమానానికి భాష కూడా ఒక కారణం. 'నేను వెళ్లాను, చూశాను, రాశాను' అంటే, వెళ్లింది ఆడో మగో మన క్రియ చెప్పదు. సభల వార్తల కింద పేర్లు ఉండవు. 'మా విలేకరి' అని ఉంటుంది. ఆ విలేకరి ఎవరు? విలేకరి అన్న మాటకు ఆడ రూపం కూడా లేదు, ఎవరికీ దాని అవసరం పడలేదు కాబట్టి. వెళ్లాడు, వెళ్లింది అని మూడోమనిషి చెబితేనే గుట్టు బయటపడుతుంది. ఆ మూడోమనిషి ఎప్పుడూ మగవాడే. అతను అబద్ధం చెప్పడని గ్యారంటీ ఏమిటి?

ఇంత అనుమానమూ ఒకనాటికి ఇంటి గడపలోకే వచ్చింది.

మేడం తల్లికి అక్క ఒకావిడ ఉంది. పెళ్లి చేసుకోలేదు. వయసులో ఒక పత్రికాఫీసులో పనిచేసింది. చుట్టాలందరి లెక్కలో ఆవిడ టైపిస్టు. ఆవిడ లెక్కలో ఆవిడ విలేకరి. టైపిస్టుగా చేరిన మాట నిజమే. మున్సిపల్ సమావేశాలకు వెళ్లే మనిషి జీతం చాలక మానేస్తే, ఎడిటర్ సమావేశానికి ఇంత అని విడిగా ఇచ్చే ఒప్పందం మీద తనను పంపాడని, మూడేళ్లు ఒక్క సమావేశం తప్పకుండా వెళ్లి వార్తలు రాశానని ఆవిడ చెప్పేది. ఆ వార్తలన్నీ 'మా విలేకరి' పేరునే వచ్చాయి. మేడం కాలేజీ చదువు మూడేళ్లూ ఆ పెద్దమ్మ గదిలోనే గడిచింది. ఆవిడ చేతి అన్నం తిని పెరిగినదాన్ని అన్న సంగతి మేడంకు ఎప్పుడూ గుర్తే. గుర్తుండడమే ఇబ్బంది. సొంత పెద్దమ్మను చరిత్రలోకి ఎక్కించిందని రేపు ఎవరైనా అంటే మొత్తం పుస్తకానికే మచ్చ. ఊరందరి అక్కయ్యల గడ్డాలూ లాగి చూసి, ఇంట్లో మనిషిని మాత్రం తనిఖీ లేకుండా లోపలికి పంపిందంటారు.

పుస్తకం పూర్తికావచ్చింది. చివరి పేజీలు ఇవ్వమని ప్రచురణకర్త ఫోను మీద ఫోను చేస్తున్నాడు. ఆ సంగతి పెద్దమ్మ చెవిన పడింది.

పెద్దమ్మ ఉండేది రెండు వీధుల అవతల, మేడ మీది గదిలో. కిటికీ పక్కన బల్ల, బల్ల మీద భూతద్దం, ఎర్ర పెన్సిలు. ఆ వయసులో కూడా పొద్దున వచ్చిన పేపరును ఎర్ర పెన్సిలుతో దిద్దితేగాని ఆవిడకు తెల్లవారదు. మేడం వెళ్లేసరికి పేపరు మొదటి పేజీ కోళ్లు పొడిచినట్టుంది.

"నా పేరు పక్కన ఏం వేస్తున్నావే?" అని అడిగింది పెద్దమ్మ, పేపరు మీంచి తల ఎత్తకుండానే.

ఇంకా ఏమీ అనుకోలేదంది మేడం.

"అనుకోకపోవడమేం, టైపిస్టు అని వేస్తావు. మీ అమ్మ చెప్పుంటుంది. నా చెల్లెలికి నేను ఎక్కిన మెట్లన్నీ స్టూళ్లలాగే కనపడ్డాయి ఎప్పుడూ."

ఆధారం కావాలి పెద్దమ్మా అంది మేడం. నోటిమాట చాలదంది. అప్పుడు పెద్దమ్మ కుర్చీ ఇటు తిప్పుకుని కథ మొదలుపెట్టింది. మొదటిరోజు హాల్లోకి వెళితే విలేకరుల బల్ల దగ్గర మగవాళ్లు ఎవరూ జరగలేదట. కార్యదర్శి వచ్చి, ఆడవాళ్ల బెంచీ వెనక తలుపు పక్కన ఉందమ్మా అని చూపించాడట. మూడేళ్లూ అక్కడే కూర్చుందట. ఒకసారి సభ మధ్యలో పెన్నులో సిరా అయిపోతే, సంచిలోంచి కాటుక పెన్సిలు తీసి మిగిలిన ఉపన్యాసమంతా దాంతోనే రాసుకుందట.

అంతవరకు గబగబా రాసుకుంటున్న మేడం చెయ్యి కాటుక దగ్గర ఆగిపోయింది. ఆ కాటుక పెన్సిలు వేరే ఊరి వేరే ఆవిడది. పోయినేడు మేడమే ఒక వ్యాసంలో రాసింది. ఆ వ్యాసం కాపీ పెద్దమ్మకు తానే తెచ్చి ఇచ్చింది.

"ఇది నీ కథ కాదు."

పెద్దమ్మ నీళ్లు నమల్లేదు. "కాదు. బాగుందని పెట్టాను. నువ్వు ఒట్టి మాట నమ్మవుగా, కాస్త ఉప్పూకారం వేస్తే దిగుతుందనుకున్నా."

"ఇంకా ఎక్కడెక్కడ వేశావు?"

"బెంచీలో వెయ్యలేదు. కావాలంటే వెళ్లి చూసుకో, తలుపు పక్కన ఇప్పటికీ ఉంటుంది."

బెంచీ ఉండడం వేరు, దాని మీద పెద్దమ్మ కూర్చోవడం వేరు. కూర్చున్నా వార్త రాయడం ఇంకా వేరు. మేడం మెట్లు దిగుతూ ఆ పేజీని అడ్డంగా కొట్టేసింది. ఒక్క కాటుక పెన్సిలుతో మూడేళ్ల వార్తలన్నీ నల్లబడిపోయాయి ఆమె దృష్టిలో.

అయినా గ్రంథాలయానికి వెళ్లింది. అనుమానం ఉన్నవాళ్లకు ఒక సుఖం లేదు, ఏదీ వదిలేయలేరు. పెద్దమ్మ చెప్పిన ఏళ్ల ఫైళ్లు తెప్పించుకుని మున్సిపల్ వార్తలన్నీ చదివింది. బాగానే ఉన్నాయి. పొడి వాక్యాలు, సభ్యుల ఎత్తిపొడుపులు మాత్రం పొల్లుపోకుండా. ఆడ చెయ్యో మగ చెయ్యో చెప్పే గుర్తు ఒక్కటీ లేదు. మూడో ఏడు చివర్లో ఒక సంచిక అడుగున చిన్న పెట్టె కనపడింది.

'నిన్నటి సంచికలో పురపాలక సమావేశపు వార్తలో, ఈ పట్టణానికి మెరుగు తెచ్చిన ఘనత మా పాలకవర్గానిదే అన్న చైర్మన్ గారి మాటను, మా విలేకరి మురుగు తెచ్చిన ఘనత అని పొరపాటుగా విన్నాడు. చింతిస్తున్నాము.'

మేడం గ్రంథాలయంలో నవ్వడం సిబ్బంది చూడటం అదే మొదటిసారి. ముందురోజు సంచిక తీసింది. నిజమే. పట్టణానికి మురుగు తెచ్చిన ఘనత తమదేనని చైర్మన్ సగర్వంగా ప్రకటించారని పెద్దక్షరాల్లో ఉంది. నవ్వు అయ్యాక కళ్లజోడు తుడుచుకుని పెట్టెను మళ్లీ చదివింది. ఈసారి 'చింతిస్తున్నాము'కు ముందున్న మాట దగ్గర ఆగింది. విన్నాడు. అచ్చులో 'డు' ఉంది. ముప్పై ఏళ్లుగా ఏ మూడోమనిషి సాక్ష్యం కోసం ఆమె వెతుకుతోందో, ఆ సాక్ష్యం దొరికింది. పెద్దమ్మకు వ్యతిరేకంగా దొరికింది.

ఆ సాయంత్రమే మేడ మెట్లెక్కి, రాసుకొచ్చినది చదివి వినిపించింది. పెద్దమ్మ ఎర్ర పెన్సిలు పక్కన పెట్టింది.

"ఆ సమావేశానికి నేను వెళ్లలేదు," అంది.

"మూడేళ్లు ఒక్కటీ తప్పలేదన్నావు."

"అదొక్కటి తప్పింది. జ్వరం. ఎవణ్ణో పంపించాడు ఎడిటర్. ఆ వెధవ విన్నాడు మురుగని."

మొహం కిటికీ వైపు తిప్పుకుంది. మేడం వంట గదిలో గిన్నె ఎక్కడుంటుందో మరిచిపోతుంది గానీ, మనుషులు ఎప్పుడు మొహం తిప్పుకున్నారో మరిచిపోదు. ఏదో దాస్తోంది అనుకుంది. ఒక్కసారి వెళ్లని మనిషి ఎన్నిసార్లు వెళ్లలేదో అని కూడా అనుకుంది. ఇంటికొచ్చి భర్తతో, పెద్దమ్మ పేరు పక్కన టైపిస్టు అని వేసేస్తానంది. ఆయన పేపరు మడిచి, నీ పుస్తకం అయ్యేసరికి ఈ ఊళ్లో ఆడవాళ్లెవరూ మిగలరేమో చూసుకో అన్నాడు. అది జోకు కాదని ఆమెకు తెలిసింది.

ఇంక ఒక మనిషి మిగిలాడు. ఆ రోజుల్లో విలేకరుల బల్ల దగ్గర కూర్చున్నవాళ్లలో బతికున్నది ఆయనొక్కడే. గుసగుస కూడా వీధి చివరికి వినపడుతుంది కాబట్టి ఆయన్ను మైకు అంటారు. పోటీ పత్రికలో పనిచేశాడు. గోడలనిండా జ్ఞాపికలు, ఒక్కోదాని మీద ఆయన పేరు ఒక్కో అక్షరదోషంతో. మేడం వచ్చిన పని వినగానే పెద్దగా నవ్వాడు.

ఆ రోజుల్లో మున్సిపల్ హాల్లో ఆడ విలేకరులెవరూ లేరని తేల్చేశాడు. ఆ పత్రిక నుంచి టైపిస్టు ఒకావిడ వచ్చేదట, వెనక కూర్చుని ఏదో గీకేదట, అది తీసుకెళ్లి ఎడిటరుకిస్తే ఆయన వార్త చేసుకునేవాడట. బల్ల దగ్గర ఆ పత్రిక కుర్చీ ఎప్పుడూ ఖాళీయేనట. "అందులో మా సంచులు పెట్టుకునేవాళ్లం. మంచి కుర్చీ అమ్మా, చేతులున్నది." తన కుర్చీ మాత్రం చైర్మన్‌కు జానెడు దూరమని, ఆయన గొంతు సవరించుకున్నా తన వార్తలోకి ఎక్కేదని, ఒక్క మాట జారవిడిచిన పాపాన పోలేదని చెప్పాడు. మేడం అన్నీ రాసుకుంది. టైపిస్టు అన్న మాట కింద గీత గీసింది.

అక్కడితో ఆగితే ఆమె పక్షి మేడం ఎందుకవుతుంది? ఒక్క మాట జారలేదన్నవాడి మీద ఆమెకు పెద్దమ్మ మీదకంటే ఎక్కువ అనుమానం. మర్నాడు గ్రంథాలయంలో మైకు పత్రిక ఫైళ్లు అడిగింది. తెచ్చిన ఉద్యోగి, ఎప్పుడూ ఆడవాళ్లవి చూస్తారు, ఇవాళ మగవాళ్ల మీద పడ్డారేమిటన్నాడు. ఆమె సరిగ్గా ఆ తేదీ తీసి వేలు పెట్టి చదువుకుంటూ వెళ్లింది. వేలు ఆగింది.

'పట్టణానికి మురుగు తెచ్చిన ఘనత.'

చైర్మన్‌కు జానెడు దూరంలో కూర్చున్నవాడికి కూడా మురుగే వినపడిందా? మూడో పత్రిక తెప్పించింది. అందులోనూ మురుగే. ఒక ప్రెస్సులో అయితే కంపోజింగులో అక్షరం తారుమారైందనుకోవచ్చు. మూడు వేరువేరు ప్రెస్సుల్లో, ఒకే రాత్రి, ఒకే మాటలో, ఒకే అక్షరం తారుమారు కాదు. ఒప్పు ముగ్గురు విడివిడిగా రాయగలరు. తప్పు ముగ్గురు ఒకేలా రాశారంటే ఒకరి దగ్గర చూసి ఇద్దరు రాశారన్నమాట. పరీక్ష పేపర్లు దిద్దే ఏ పంతులమ్మకైనా తెలిసిన సంగతే ఇది. పక్కపక్క బెంచీల్లో ఇద్దరూ ఒకే తప్పు రాస్తే ఎవరు ఎవరి దగ్గర కాపీ కొట్టారన్నదే మిగిలిన ప్రశ్న.

జానెడు దూరంలో ఉన్నవాడు తప్పు వినడు. తప్పు విన్నవాళ్లు దూరంగా ఉండాలి.

రెండోసారి వెళ్లేసరికి మైకు కాస్త కంగారుపడ్డాడు. రెండోసారి వచ్చే చరిత్రకారులంటే ఎవరికీ పడదు. మేడం మూడు పత్రికల ఫోటోలూ ఆయన ముందు వరసగా పరిచింది. ఆయన కళ్లజోడు పెట్టుకుని మొదటిదీ రెండోదీ చూసి, మూడోదాని దగ్గరికి వెళ్లకుండానే గోడ మీది జ్ఞాపికల వైపు చూశాడు.

"చైర్మన్ ఉపన్యాసం ఎప్పుడూ చివర్నే కదండీ?" అని అడిగింది మేడం.

"చివర్నే. గంట లాగేవాడు. ఎవడు వింటాడమ్మా? ఆయన లేచాడంటే మేము టీకి లేచేవాళ్లం."

"మరి రాసేదెట్లా?"

జవాబు చెప్పాక గాని తను ఏం చెప్పాడో ఆయనకు తెలియలేదు. "వెనక ఆవిడ రాసేది కదా. వచ్చేటప్పుడు ఆవిడ కాగితాలు తీసుకుని చూసి రాసుకునేవాళ్లం. చేతిరాత ముత్యాల్లా ఉండేది." అప్పుడు గొంతు తగ్గించాడు. ఆయన గొంతు తగ్గడం ఆ ఇంట్లో ఎవరూ వినలేదు కాబోలు, లోపల్నుంచి కోడలు తొంగిచూసింది. "ఆ ఒక్కసారి కొంప ముంచింది. మా పత్రిక కూడా సవరణ వేసుకుంది. అయితే మాత్రం విలేకరి ఎట్లా అవుతుందమ్మా? రాసుకోవడమేగా చేసింది?"

"మీరు చేసిందేమిటి?"

ఆయన టీ తాగుతారా అని అడిగాడు.

సరాసరి పెద్దమ్మ గదికి వెళ్లింది మేడం. చెప్పులు కూడా విప్పకుండా, జ్వరం రాలేదు నీకు అంది. పెద్దమ్మ తల దించుకుంది. తర్వాత మాట్లాడిందంతా బల్లతోనే.

ఆ బెంచీ వెనక వసారాలో కుళాయి ఉండేది. చైర్మన్ లేవగానే బల్ల దగ్గరి మగవాళ్లు టీకి పోయేవాళ్లు, వాళ్లు తాగిన గ్లాసులు నౌకర్లు ఆ కుళాయి కింద కడిగేవాళ్లు. గ్లాసుల చప్పుడులో చైర్మన్ మాటలు సగం పెదాలు చూసి పట్టుకోవలసిందే. ఆ రోజు మెరుగు అన్నాడో మురుగు అన్నాడో తెలియలేదు. ఊరి వీధులు తెలిసిన మనిషి కాబట్టి మురుగే అయి ఉంటుందనుకుంది. లేచి వెళ్లి అడుగుదామంటే, బెంచీ దిగి ముందుకెళ్లిన ఆడవాళ్లు అప్పటిదాకా ఎవరూ లేరు. తెల్లారేసరికి ఊరు ఊరంతా చైర్మన్ను మురుగు చైర్మన్ అంది. ఎడిటర్ తనను గదిలోకి పిలిచి తలుపు వేశాడు. ఆడదాన్ని పంపామని తెలిస్తే పత్రిక పరువేం కావాలని, విన్నాడు అని వేసి, ఆ మధ్యాహ్నం నుంచి తనను మళ్లీ టైపు మిషను ముందు కూర్చోబెట్టాడు.

"నేను చెడగొట్టిన ఉద్యోగమే, ఎవడూ తీసెయ్యలేదు," అంది పెద్దమ్మ. "నా తర్వాత ఇంకొకత్తెను పంపలేదు. ఆడదానికి చెవులు పనిచెయ్యవని తేల్చేశారు. అది అచ్చులో చూసుకోమంటావా ఈ వయసులో? ఆ పొరపాటు లేకుండా రాయలేవా?"

మేడం కుర్చీ లాక్కుని దగ్గరగా కూర్చుంది. "లేకుండా రాస్తే నువ్వు ఉండవు పెద్దమ్మా. నీ ఒప్పులన్నీ మా విలేకరివే. ఆ తప్పు ఒక్కటే నీది. ఆ తప్పు వల్లే, ఊళ్లో మూడు పత్రికలూ నువ్వు రాసిందే వేశాయని తెలిసింది."

"మూడూనా?"

మిగిలిన రెంటి సంగతి పెద్దమ్మకు తెలియదు. ఆ రోజు తలుపు వేసిన గదిలోంచి బయటికొచ్చాక మిగిలిన పత్రికలు ఆవిడ చూడలేదు. కాగితాలు అడిగి తీసుకెళ్లిన మగవాళ్లు తన మురుగును అక్కడికక్కడే దిద్దుకుని ఉంటారనే ఇన్నేళ్లూ అనుకుంది. మేడం ఫోటోలు తీసిచ్చింది. పెద్దమ్మ భూతద్దం పెట్టి మూడూ చదివింది. చదివి చదివి, భుజాలు కదిలేట్టు నవ్వింది. ఆ నవ్వులో సంతోషం ఎంతో, కసి ఎంతో మేడం తేల్చుకోలేకపోయింది. ఆ ఒక్కదానికి ఆధారం అడగలేదు.

"టైపిస్టు కొట్టేశావా?"

"కొట్టేశాను. సవరణ కూడా మళ్లీ వేస్తాను, సరిచేసి. మా విలేకరి పొరపాటుగా విన్నారు, అని."

పెద్దమ్మ ఎర్ర పెన్సిలు అందుకుని, మేడం ఆ మాట రాసుకున్న కాగితం లాక్కుంది. "చదువుకున్నదానివి, ఇంత తెలివితక్కువగా రాస్తావేమే? 'రు' పెడితే ఆడో మగో మళ్లీ ఎవడికి తెలుస్తుంది?"

"'విన్నది' అంటే మర్యాదగా ఉండదని..."

"మర్యాద తర్వాత చూసుకుందాం." 'న్నారు' కొట్టేసి పైన 'న్నది' దిద్దింది. తర్వాత కుర్చీలో వెనక్కి వాలి, ఆ రోజు గదిలో ఎడిటర్ అన్న మాట ఇంకొకటి ఉంది, అది కూడా వెయ్యమంది. సవరణ వేసుకోవలసి వచ్చిన వార్తకు డబ్బేమిటి అన్నాడట.

అనుమానప్పక్షి ఆ మాటను కూడా ఊరికే నమ్మలేదు. ఇప్పటికీ నడుస్తున్న ఆ పత్రిక ఆఫీసుకు వెళ్లి అడిగింది. వాళ్లు కాదనలేదు, ఇస్తామనీ అనలేదు. మురుగు వార్తకు రావలసిన డబ్బు పెద్దమ్మకు ఇంకా రాలేదు.